‘స్టే వచ్చింది’ అంటే ఏం వచ్చినట్టు?

సంపాదకుల వారికి,

మున్సిపాలిటీ వాళ్లు ఒక ఇంటికి కూల్చివేత నోటీసు ఇస్తారు. యజమాని హైకోర్టుకు వెళ్తాడు. మర్నాడు జిల్లా పేజీలో ‘కూల్చివేతపై హైకోర్టు స్టే’ అని వార్త వస్తుంది. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ తరచూ చూస్తున్న వరసే ఇది. వార్త లోపల పెద్ద తప్పుండదు, చిక్కంతా హెడ్డింగుతోనే. అది చదివిన ఇంకో యజమాని తనకూ నోటీసు అందగానే ‘వకీలును పెడితే స్టే రాకపోతుందా’ అనుకుని ఆ కాగితాన్ని టీవీ వెనక దోపుతాడు. సగం కేసు అక్కడే పోతుంది.

మనం ‘స్టే’ అని ఒకే మాటతో సరిపెడుతున్నవాటిలో కనీసం నాలుగు రకాల ఉత్తర్వులున్నాయి. మున్సిపల్ కమిషనర్ ఇచ్చిన ఆర్డరు అమలును కేసు తేలేదాకా నిలిపేయడం మొదటిది. అసలు స్టే అంటే అదొక్కటే. రెండోది స్టేటస్ కో, అంటే ఎక్కడిదక్కడ ఆపమనడం. ఇది ఇద్దరికీ వర్తిస్తుందన్న సంగతి చాలామంది గమనించరు. మున్సిపాలిటీ కూల్చకూడదు, యజమాని ఇటుక మీద ఇటుక పెట్టకూడదు. స్టే వచ్చిందన్న ధీమాతో మూడో అంతస్తు శ్లాబు పోసేసి, ఆ ఫొటోలు అవతలి పక్షం చేతికి చిక్కాక కోర్టు ధిక్కారం కేసులో నిలబడ్డవాళ్లు తక్కువేమీ కాదు. మూడోది ‘చట్టం నిర్దేశించిన పద్ధతిలో తప్ప జోక్యం చేసుకోవద్దు’ అనే ఉత్తర్వు. నిజానికి ఇది ఆపమనడం కాదు, పద్ధతిగా కూల్చుకోవచ్చనడం. నోటీసిచ్చి, జవాబు విని, కారణాలు రాసి ఆర్డరిస్తే ఆ తర్వాత జేసీబీ రావడానికి ఈ ఉత్తర్వు అడ్డం కాదు.

నాలుగోది అన్నిటికంటే ఎక్కువగా వచ్చేది. కేసు మొదటిసారి బెంచి ముందుకు రాగానే, ప్రభుత్వం తరఫు న్యాయవాది జీపీనీ, మున్సిపాలిటీ తరఫు న్యాయవాది స్టాండింగ్ కౌన్సిల్‌నూ విని అక్కడికక్కడే రిట్‌ను, అంటే హైకోర్టులో వేసిన ఆ పిటిషన్‌ను, ముగించేస్తారు: ‘ఈ ఆర్డరునే షోకాజ్ (సంజాయిషీ) నోటీసుగా భావించి పిటిషనర్ రెండు వారాల్లో జవాబివ్వాలి, అధికారులు దాన్ని పరిశీలించి తగిన ఆర్డరు ఇవ్వాలి, అంతవరకు కూల్చరాదు.’ యజమాని ఇంటికొచ్చి మిఠాయి పంచుతాడు. అతనికి దొరికింది రెండు వారాల గడువూ, మళ్లీ అదే కమిషనర్ బల్లా. ఆ రెండు వారాల్లో రాసే జవాబే అసలు కేసు. దాన్ని కూడా ‘మాది పాత ఇల్లు, దయచేసి వదిలేయగలరు’ అని నాలుగు ముక్కలు రాసి ముగిస్తే, తర్వాత వచ్చే ఆర్డరును కొట్టేయమని అడగడానికి చేతిలో ఏమీ ఉండదు.

తేదీల సంగతి కూడా చెప్పాలి. మధ్యంతర ఉత్తర్వును చాలాసార్లు ‘నాలుగు వారాల వరకు’ అనో, ‘తదుపరి వాయిదా వరకు’ అనో ఇస్తారు. ఆ రోజుకి కేసు లిస్టులో రాకపోయినా, వచ్చినా పొడిగింపు అడగడం మరిచిపోయినా ఆ రక్షణ తీరిపోతుంది. దీనికీ ‘ఆరు నెలల్లో స్టే దానంతటదే పోతుంది’ అన్న మాటకూ సంబంధం లేదు. ఆ ఆరు నెలల నియమం 2018లో సుప్రీంకోర్టు ఒక తీర్పులో పెట్టింది. 2024 ఫిబ్రవరి 29న అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం దాన్ని తీసేసింది. ఇప్పుడు స్టే కాలంతో పాటు దానంతటదే చావదు, కానీ ఉత్తర్వులోనే తేదీ రాసి ఉంటే ఆ తేదీకి చస్తుంది. కాబట్టి కాపీ చేతికి రాగానే చూడాల్సింది చివరి పేరా, అందులోని తేదీ.

అసలు హైకోర్టు ఏం చూస్తుందో తెలిస్తే ఈ గొడవ సగం తగ్గుతుంది. రాజ్యాంగం 226వ అధికరణం కింద వేసే రిట్‌లో జడ్జి టేపు పట్టుకుని మీ సెట్‌బ్యాక్, అంటే ఇంటి చుట్టూ వదలాల్సిన ఖాళీ, కొలవరు. మీ గోడ రెండడుగులు బయటికొచ్చిందా, మూడడుగులా అన్నది ఆయనకు అక్కర్లేదు. అధికారి ఆ నిర్ణయానికి వచ్చిన దారి సరైనదేనా అన్నదే ప్రశ్న: అధికారం ఉన్నవాడే ఆర్డరిచ్చాడా, ముందు నోటీసిచ్చాడా, జవాబు చదివాడా, కారణాలు రాశాడా. 1978 నాటి మొహిందర్ సింగ్ గిల్ కేసు నుంచి ఒక సూత్రం నిలబడి ఉంది. ఆర్డరు బాగోగులు అందులో రాసిన కారణాలతోనే తేలాలి, తర్వాత కోర్టులో వేసే కౌంటర్ అఫిడవిట్‌లో కొత్త కారణాలు అతికించకూడదు. ఇది యజమానికి పెద్ద ఆయుధమే. అయితే రెండో వైపూ పదునుంది. అధికారి ముందు మీరు ఎత్తని అంశాన్ని నేరుగా హైకోర్టులో ఎత్తితే, ‘ఈ మాట జవాబులో ఎందుకు చెప్పలేదు?’ అన్నదే అవతలి వకీలు అడిగే మొదటి ప్రశ్న.

అందుకే నోటీసు అందిన నిమిషం నుంచే పని మొదలుపెట్టాలి. మున్సిపాలిటీ చైన్‌మన్ (టౌన్ ప్లానింగ్ కింది స్థాయి ఉద్యోగి) నోటీసు తెచ్చి సంతకం పెట్టమంటే, సంతకం పక్కన తేదీ, టైము మీ చేత్తో రాయండి. తీసుకోకుండా తలుపేసుకోవడం తెలివి కాదు. గోడకు అంటించి, ఇద్దరు సాక్షులతో పంచనామా రాసి, అందినట్టే లెక్కిస్తారు. అంటిస్తే తేదీ కనిపించేలా ఫొటో తీయండి. పోస్టులో వస్తే కవరు పారేయొద్దు, కాగితం మీద ముద్రించిన తేదీకీ కవరు మీద ముద్రకూ మధ్య పదిహేను రోజుల తేడా ఉండటం అరుదేమీ కాదు. గడువు అందిన తేదీ నుంచి మొదలవుతుందని వాదించాలంటే ఆ కవరే సాక్ష్యం.

తర్వాత అది ఏ చట్టం కింద, ఏ సెక్షన్ కింద ఇచ్చిన నోటీసో చూడండి. హైదరాబాద్‌లో, ఆంధ్రప్రదేశ్ కార్పొరేషన్లలో 1955 నాటి మున్సిపల్ కార్పొరేషన్ల చట్టం 452వ సెక్షన్ అయితే అది సంజాయిషీ అడగడం, 461 అయితే పని ఆపమనడం. ఆంధ్రప్రదేశ్ మున్సిపాలిటీల్లో 1965 చట్టం 228వ సెక్షన్ మూడు మెట్లుగా నడుస్తుంది: ఒకటో ఉపసెక్షన్ కింద తాత్కాలిక ఆర్డరు, రెండోదాని కింద సంజాయిషీ నోటీసు, మూడోదాని కింద ఖరారు ఆర్డరు. మొదటి రెండు కాగితాలూ ఒకే రోజు, ఒకే కవరులో వస్తాయి. జనం వాటిని చూసి ‘కూల్చేయమని ఆర్డరొచ్చేసింది’ అని హడలిపోయి అప్పుడే హైకోర్టుకు పరుగెత్తుతారు. అది తొందరపాటు. ఉత్త షోకాజ్ నోటీసు మీద రిట్ మామూలుగా నిలవదని సుప్రీంకోర్టు 2006లో కునిశెట్టి సత్యనారాయణ కేసులో చెప్పింది. నోటీసిచ్చిన అధికారికి ఆ అధికారమే లేదన్నప్పుడో, నోటీసులోనే ముందుగా తీర్పు రాసేసినట్టున్నప్పుడో తప్ప, ముందు జవాబివ్వాల్సిందే.

ఆ జవాబు ఎలా ఉండాలి? నోటీసు నంబరు, తేదీ, మీకు అందిన తేదీ మొదటి వాక్యంలోనే రావాలి. ఆ పైన ఆరోపణకు ఆరోపణగా జవాబు రావాలి. నోటీసులో ‘ప్లానుకు విరుద్ధంగా నిర్మాణం’ అని మాత్రమే ఉండి, ఏ వైపు, ఎంత అన్నది లేకపోతే తనిఖీ నివేదికా, కొలతల స్కెచ్చూ ఇవ్వమని రాతపూర్వకంగా అడగండి. అడిగినట్టు రికార్డులో ఉండటమే ముఖ్యం, ఇవ్వకపోతే రిట్‌లో అదే మీ మొదటి గ్రౌండ్ (వాదనకు ఆధారం) అవుతుంది. మంజూరైన ప్లాను, పర్మిట్ నంబరు, లైసెన్సున్న ఇంజనీరుతో కొలిపించిన ప్రస్తుత కొలతలు జతచేయండి. తేడా ఉంటే దాచకుండా, అది జరిమానాతో సర్దుబాటయ్యే తేడా అవునో కాదో చెప్పండి. తెలంగాణలో అమల్లో ఉన్న 2012 నాటి భవన నిబంధనల్లో, జీవో 168లో, సెట్‌బ్యాక్‌ల చిన్న తేడాలను 10 శాతం వరకు రుసుము కట్టించుకుని సర్దుబాటు చేసే వీలుంది. ఆ పరిధిలో ఉన్నామని చూపిస్తూ దరఖాస్తు పెట్టినవాడికి కోర్టులో ఒక మాట మిగులుతుంది. ప్లానులో లేని అంతస్తు మొత్తానికి ఈ వాదన పనికిరాదు. వ్యక్తిగతంగా విచారణకు పిలవమని చివర్లో తప్పకుండా అడగండి. జవాబును ఆఫీసు ఇన్‌వార్డులో (కాగితాలు తీసుకునే విభాగంలో) ఇచ్చి, ముద్ర వేసిన నకలు తెచ్చుకోండి. ముద్ర వేయడానికి ఒప్పుకోకపోతే స్పీడ్ పోస్టు, ఈమెయిల్ రెండూ చేయండి.

ఇంటి పన్ను రసీదుల కట్ట తెచ్చి ‘ఇరవై ఏళ్లుగా పన్ను కడుతున్నాం’ అనడం మన దగ్గర అందరూ చేసే పనే. అనుమతి లేని ఇంటి మీద కూడా పన్ను, పైపెచ్చు పెనాల్టీతో వేస్తారు. ఆ రసీదు అనుమతి కాదు, హక్కు పత్రమూ కాదు. ఇల్లు ఏ సంవత్సరం నుంచి ఉందో చూపించడానికి మాత్రం బాగా పనికొస్తుంది. పాత పంచాయతీ అనుమతుల విషయంలో ఆ ఉపయోగం ఇంకా ఎక్కువ. పంచాయతీ మున్సిపాలిటీలో కలిసినప్పుడు రిజిస్టర్లు ఎక్కడో అటకెక్కుతాయి. ఆ రికార్డు కోసం సమాచార హక్కు దరఖాస్తు ముందే పెట్టుకోవాలి. గ్రామ స్థాయిలో ఫీజు లేదు, మండల కార్యాలయాల్లో 5 రూపాయలు, ఆపై 10 రూపాయలు. జవాబుకు 30 రోజులు పడుతుంది కనుక నోటీసు వచ్చాక పెడితే ఆలస్యమే.

ఇప్పుడు 2024 నవంబర్ 13 నాటి సుప్రీంకోర్టు తీర్పు. బుల్డోజర్ తీర్పు అని మీ పత్రికలూ రాశాయి, కానీ అందులోని పనికొచ్చే వివరాలు జనం దాకా రాలేదు. దాని ప్రకారం కూల్చడానికి ముందు షోకాజ్ నోటీసు తప్పనిసరి. స్థానిక చట్టంలోని గడువు, నోటీసు అందిన నాటి నుంచి 15 రోజులు, ఈ రెంటిలో ఏది ఎక్కువైతే అది ఇవ్వాలి. నోటీసు రిజిస్టర్డ్ పోస్టులో పంపాలి, ఇంటికీ అంటించాలి. ఇచ్చిన సంగతి కలెక్టరు కార్యాలయానికి ఈమెయిల్‌లో వెళ్లాలి. పాత తేదీలు వేసే జబ్బుకు మందు ఇదే, అక్కడి నుంచి వచ్చే ఆటోమేటిక్ రిప్లయ్‌లో టైము నమోదవుతుంది. ఉల్లంఘన ఏమిటో, జవాబుతో ఏ పత్రాలు తేవాలో, విచారణ ఏ రోజో నోటీసులోనే ఉండాలి. తుది ఆర్డరులో యజమాని వాదన ఏమిటి, ఎందుకు ఒప్పుకోలేదు, జరిమానాతో సరిపోయేదా, కొంత భాగం తీస్తే చాలా, మొత్తం కూల్చడమే ఏకైక మార్గమని ఎందుకనుకున్నారు అన్నవన్నీ రాయాలి. ఆర్డరు తర్వాత మరో 15 రోజులు ఆగాలి. కూల్చేటప్పుడు వీడియో తీయాలి. ఇవి మీరితే సంబంధిత అధికారి సొంత ఖర్చుతో తిరిగి కట్టించాల్సి రావచ్చు, ధిక్కారం కేసూ ఎదుర్కోవాలి. రిట్ అఫిడవిట్ రాసే వకీలు ఈ అంశాలను ఒక్కొక్కటిగా పక్కన పెట్టుకుని మీ నోటీసుతో పోల్చి, లేనివాటిని వరసగా రాస్తే చాలు, అలంకారాలు అక్కర్లేదు.

అయితే ఆ తీర్పుకు మినహాయింపులున్నాయి, వాటిని చెప్పకుండా సగమే చెప్పడం మోసం. రోడ్డు, వీధి, ఫుట్‌పాత్, రైలు పట్టాల పక్క, నది, చెరువు లాంటి చోట్ల ఉన్న అక్రమ కట్టడాలకూ, కోర్టే కూల్చమన్నవాటికీ ఈ రక్షణ వర్తించదు. హైదరాబాద్ చుట్టుపక్కల గొడవంతా చెరువుల దగ్గరే కదా. అక్కడ వాదన వేరే దారిలో నడవాలి. మీ స్థలం ఎఫ్‌టీఎల్ (చెరువు పూర్తిగా నిండితే నీళ్లు వచ్చే మట్టం) గీత లోపలా, బఫర్‌లోనా (ఆ గీత చుట్టూ కట్టడాలు లేకుండా వదలాల్సిన జాగా), రెంటికీ బయటా అన్నది ముందు తేల్చుకోవాలి. 10 హెక్టార్లు, ఆ పైన ఉన్న చెరువుకు బఫర్ 30 మీటర్లు, అంతకు చిన్నదైతే 9 మీటర్లు. ఎఫ్‌టీఎల్ ప్రాథమిక నోటిఫికేషన్ మాత్రమే వచ్చిందా, అభ్యంతరాలు విని తుది నోటిఫికేషన్ ఇచ్చారా అన్నది అడిగి తెలుసుకోవాలి. తుది గీత ఖరారు కాని చోట వినిపించుకోవడానికి అవకాశం ఎక్కువ. 2024 సెప్టెంబర్‌లో అమీన్‌పూర్ కూల్చివేతల మీద తెలంగాణ హైకోర్టు, చెరువుల ఆక్రమణలు తొలగించే ప్రభుత్వ సంస్థ హైడ్రాను నిలదీసింది కూడా చెరువుల్ని కాపాడటం తప్పని కాదు, సెలవు రోజు చూసి ఆదరాబాదరాగా కూల్చడమేమిటని.

తెలంగాణలో సెల్ఫ్ సర్టిఫికేషన్‌తో (నిబంధనల ప్రకారమే కడతానని సొంత హామీ ఇచ్చి) కట్టుకున్నవాళ్లకు ఇంకో ఇబ్బంది ఉంది. భవన అనుమతులకు తెచ్చిన 2020 నాటి టీఎస్ బీపాస్ చట్టం, మీరు ఇచ్చిన హామీకి విరుద్ధంగా కడితే నోటీసు లేకుండానే కూల్చవచ్చంటుంది. సుప్రీంకోర్టు తీర్పు తర్వాత కూడా ఆ మాట అలాగే నడుస్తుందా అన్నది కోర్టులో గట్టిగా వాదించదగ్గ అంశమే. దాని మీద భరోసాతో అదనపు గది మాత్రం వేయకండి.

రిట్‌లో తరచూ జరిగే పొరపాట్లు కొన్ని చెప్తాను. మన రెండు హైకోర్టుల్లోనూ ప్రేయర్‌లో (కోర్టును కోరే భాగంలో) మాండమస్, అంటే అధికారిని ఆదేశించే రిట్, అడగడం, ఫలానా తేదీ ఫలానా నంబరు ఆర్డరు చట్టవిరుద్ధమని ప్రకటించమనడం అలవాటు. ఆ నంబరు, తేదీ తప్పు పడితే వచ్చిన ఉత్తర్వు ఏ కాగితం మీదో తెలియని పరిస్థితి వస్తుంది. నోటీసు మీద రిట్ వేశాక, అది పెండింగులో ఉండగానే ఖరారు ఆర్డరొస్తే, ప్రేయర్‌ను సవరించుకోవాలి లేదా కొత్త రిట్ వేసుకోవాలి. లేకపోతే మొదటిది నిష్ఫలమని కొట్టేస్తారు. పక్కింటివాడి ఫిర్యాదుతో మొదలైన కేసైతే అతన్నీ ప్రతివాదిగా చేర్చండి. చేర్చకపోతే నెల తిరక్కుండా తననూ కేసులో చేర్చమనే ఇంప్లీడ్ పిటిషన్‌తో అతనే వచ్చి, వాస్తవాలు దాచారంటూ ఉత్తర్వు రద్దు చేయమని అడుగుతాడు. సివిల్ కోర్టులో ఇంతకుముందు దావా వేసి ఉంటే, ఓడిపోయినదైనా సరే, అఫిడవిట్‌లో రాయాల్సిందే. మంచి కేసులు చెడేది ఎక్కువగా ఇలా దాచడం వల్లే. తెలుగులో ఉన్న నోటీసులకు, పంచనామాలకు ఇంగ్లిషు అనువాదం జతచేయాలి. ఇది చివరి గంటలో గుర్తొచ్చి లంచ్ మోషన్, అంటే అత్యవసరమని అదే రోజు మధ్యాహ్నం వినమని అడిగే అవకాశం, తప్పిపోతుంటుంది. శుక్రవారం సాయంత్రం ఆర్డరిచ్చి శనివారం పొద్దున వచ్చే రకం కూల్చివేతకు హౌస్ మోషన్ ఉంది, అంటే అనుమతి తీసుకుని సెలవు రోజున జడ్జి ముందు పెట్టడం. దానికి కూడా ప్లాను, నోటీసు, జవాబు, ముద్రపడిన నకలు ఒకే ఫైలులో సిద్ధంగా ఉన్నవాళ్లే అందుకోగలరు.

అన్నిటికీ హైకోర్టే దారి కాదు. స్థలం ప్రభుత్వానిదా, మీదా అన్నదే అసలు తగాదా అయితే సివిల్ కోర్టుకే వెళ్లాలి. ప్రభుత్వం కూడా అలాంటి చోట 1905 భూ ఆక్రమణల చట్టం కింద తహసీల్దారుతో నోటీసిప్పించి ఖాళీ చేయించలేదు. హక్కుపై నిజమైన వివాదం ఉన్నప్పుడు ఆ చట్టపు చిటికెలో ఖాళీ చేయించే పద్ధతి పనికిరాదని 1982లో తుమ్మల కృష్ణారావు కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఉస్మానియా యూనివర్సిటీ కోసం సేకరించిన హబ్సిగూడ భూమి నుంచి వచ్చిన కేసే అది. ప్రభుత్వం మీద దావాకు సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ కింద రెండు నెలల ముందు నోటీసివ్వాలి. అంత టైము లేకపోతే 80(2) కింద కోర్టు అనుమతి తీసుకుని వేయవచ్చు. కొలతల దగ్గరే తేడా ఉంటే కోర్టు నియమించే న్యాయవాది అయిన అడ్వకేట్ కమిషనర్‌ను వేయించుకుని కొలిపించుకునే సౌకర్యం అక్కడే ఉంది.

ఉత్తర్వు వచ్చాక దాన్ని కమిషనర్‌కు, టౌన్ ప్లానింగ్ అధికారికి అదే రోజు చేతికిచ్చి సంతకం తీసుకోండి, వకీలు లేఖతో ఈమెయిల్ కూడా పంపండి. ‘మాకు ఆర్డరు కాపీ అందలేదు’ అన్న మాటకు ఇక తావుండదు. ఉత్తర్వు మీరి కూలిస్తే ధిక్కారం కేసు ఏడాదిలోపు వేయాలి. సింగిల్ జడ్జి దగ్గర ఓడితే రిట్ అప్పీలుకు గడువు 30 రోజులు. ఎదుటివాళ్లు లేకుండా, వాళ్లకు కాగితాలు ఇవ్వకుండా ఇచ్చిన మధ్యంతర ఉత్తర్వును రద్దు చేయమని వాళ్లు పిటిషన్ వేస్తే, 226(3) ప్రకారం దాన్ని రెండు వారాల్లో తేల్చాలి. అందుకే ముందుగానే కాపీలిచ్చి, ఇద్దరూ ఉండగా తెచ్చుకున్న ఉత్తర్వే గట్టిది.

వకీలు ఫీజు భరించలేనివాళ్లకు హైకోర్టు లీగల్ సర్వీసెస్ కమిటీ ఉంది. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. ఇల్లు భార్య పేరున ఉన్న కుటుంబాలకు ఈ సంగతి తెలియకపోవడం విచిత్రం. ఫోన్ నంబరు 15100.

ఇక మీ విలేకరులకు ఒక విన్నపం. ఇలాంటి వార్త రాసేటప్పుడు హెడ్డింగు ఏదైనా పెట్టుకోండి గానీ, ఉత్తర్వు చివరి రెండు వాక్యాలను తెలుగులో ఉన్నదున్నట్టు వేయండి: ఎవరిని ఏం చేయొద్దన్నారు, ఏ తేదీ వరకు, జవాబుకు గడువిచ్చారా లేదా. ఆ గడువు తీరాక ఏం జరిగిందో కూడా ఒక చిన్న వార్త వేయగలిగితే మరీ మంచిది.

ఇట్లు,
ఒక న్యాయవాద పాఠకుడు,
హన్మకొండ